దెల్ఫీన్ సేరిగ్ సినిమాలు: ఎక్కడ మొదలుపెట్టాలి, ఏ వరసలో చూడాలి?

#1 నేలటిక్కెట్టు

2022లో సైట్ అండ్ సౌండ్ అనే బ్రిటిష్ సినిమా పత్రిక అన్ని కాలాల గొప్ప సినిమాలకి పెట్టిన ఓటింగులో 'జాన్ దీల్మాన్' మొదటి స్థానానికి వచ్చిన దగ్గర్నుంచీ ఒకటే తంతు. పేరు విని సినిమా పెట్టుకోవడం, గంట తిరక్కుండా ఆపేయడం, "బంగాళాదుంపల తొక్క తీస్తుంటే చూడ్డం కూడా సినిమానేనా" అని పోస్టు వేయడం. 201 నిమిషాల సినిమా, ఆపేసినవాళ్ళది తప్పనను. కాకపోతే ఆ దుంపలు వలుస్తున్నది దెల్ఫీన్ సేరిగ్ అనీ, అంతకుముందు పద్నాలుగేళ్ళు ఆవిడ తెర మీద ఎలాంటి మనిషిగా కనిపించిందనీ తెలిసి చూస్తే ఆ వంటిల్లు వేరేగా కనిపిస్తుంది.

నా వరస ఇది. ముందు 'బేజే వోలే' (దొంగముద్దులు, 1968). తర్వాత 'మారియన్‌బాద్' (1961), 'మ్యూరియల్' (1963), 'ఇండియా సాంగ్' (1975), 'జాన్ దీల్మాన్' (1975), చివర్లో ఆవిడ స్వయంగా తీసిన వీడియోలు. సంవత్సరాల వరస తప్పించింది కావాలనే. అభ్యంతరాలుంటే చెప్పండి.

#2 రీలుపెట్టె

వరస గురించి తర్వాత. ముందు ఆవిడ ఎక్కడిదో చెప్పుకుందాం, ఈవిడని బెల్జియం నటి అని రాసేవాళ్ళు ఎక్కువైపోయారు. 'జాన్ దీల్మాన్' బెల్జియం సినిమా, ఈవిడ ఫ్రెంచావిడ. పుట్టింది బేరూత్‌లో, 1932 ఏప్రిల్ 10న. తండ్రి ఆన్రీ సేరిగ్ పురావస్తు శాస్త్రవేత్త. సిరియా, లెబనాన్ ఫ్రెంచి ఏలుబడిలో ఉన్న రోజుల్లో అక్కడి పురావస్తు శాఖకి అధిపతి. తల్లి ఎర్మీన్ ద సొస్యూర్ తెరచాప పడవల మీద సముద్రాలు తిరిగిన మనిషి, రూసో మీద పరిశోధన కూడా చేసింది. యుద్ధం రోజుల్లో కుటుంబం న్యూయార్కులో ఉంది. ఆవిడ ఇంగ్లీషు అంత నిఖార్సుగా ఉండటానికి కారణం అదే. 'ద డే ఆఫ్ ద జాకాల్' (1973)లో డబ్బింగు అవసరం లేకపోయింది.

నాటకం నేర్చుకున్నది పారిస్‌లో, తానియా బలచోవా, రోజే బ్లాన్ వంటివారి దగ్గర. 1956లో మళ్ళీ న్యూయార్కు వెళ్ళి యాక్టర్స్ స్టూడియోలో చేరింది. భర్త జాక్ యంగర్‌మన్ అమెరికన్ చిత్రకారుడు. దర్శకుడు అలాన్ రెనే ఆవిణ్ణి చూసింది న్యూయార్కులోనే, ఇబ్సెన్ 'ప్రజాశత్రువు' నాటకంలో. 'మారియన్‌బాద్' అక్కణ్ణించి వచ్చింది.

#3 మూడోఆట

'మారియన్‌బాద్' నేను రెండో స్థానంలో పెట్టను. అందులో నటన ఏముందండీ? తెల్ల ఈకల గౌను వేసుకుని, ఒక చెయ్యి అడ్డంగా భుజం మీద పెట్టుకుని బొమ్మలా నిలబడుతుంది. చుట్టూ ఉన్న రాతి విగ్రహాలకీ ఆవిడకీ తేడా లేదు.

#4 రీలుపెట్టె

తేడా లేకపోవడమే ఆ వేషం. స్క్రిప్టులో ఆ పాత్రకి పేరు కూడా లేదు, 'ఎ' అనే అక్షరం ఒక్కటే. "పోయినేడాది మనం ఇక్కడే కలుసుకున్నాం, నువ్వు నాతో వస్తానన్నావు" అని ఒక మగవాడు గంటన్నర పాటు ఆవిడకి ఆవిడ కథే చెబుతుంటాడు. కథంతా అతని గొంతులో ఉంది, ఆవిడకి మిగిలింది ఒళ్ళు. అప్పుడు ఒళ్ళు ఏం చేస్తోందో చూడాలి. అతను చెప్పిన భంగిమలో ఆవిడ నిలబడుతుందా, లేక ఆవిడ నిలబడ్డాక అతను దాన్ని వర్ణిస్తాడా? చాలా చోట్ల అతని మాటకీ తెర మీది బొమ్మకీ పొత్తు కుదరదు. మంచం దగ్గరి దృశ్యాలు మళ్ళీ మళ్ళీ వస్తాయి, ప్రతిసారీ ఆవిడ ముఖంలో భయం ఎంత పాళ్ళలో ఉందో మారుతుంది. ఆ కొలతలే ఆ సినిమాలో నటన.

షూటింగు చాలావరకు మ్యూనిక్ చుట్టుపక్కల కోటల్లో, నింఫెన్‌బుర్గ్, ష్లైస్‌హైమ్‌లలో జరిగింది. తోటలో మనుషులకి పొడుగాటి నీడలుండి చెట్లకి నీడ లేని షాటు ఉంది చూశారా, ఆ మనుషుల నీడలు నేల మీద రంగుతో వేసినవి. ఆర్గన్ సంగీతం ఫ్రాన్సిస్ సేరిగ్‌ది, ఆవిడ సొంత సోదరుడు. చూసేవాళ్ళు ఒకటి గమనించుకోండి. ఇది వెడల్పాటి తెర సినిమా, 2.35:1. టీవీ నిండేలా సాగదీసిన కాపీలోనో, పక్కలు కోసేసిన కాపీలోనో చూస్తే ఫ్రేములో సగం ఎగిరిపోతుంది. పైనా కిందా నల్లపట్టీలు లేకపోతే ఆ కాపీ వదిలేయండి.

#5 మూడోఆట

సరే, ఆ లెక్కన ఇంకోసారి చూస్తాను. కానీ అందులో అగ్గిపుల్లల ఆట మాత్రం నటన కన్నా గట్టిగా పట్టుకుంటుంది. ఎప్పుడూ ఆ సన్నటి మనిషే ఎందుకు గెలుస్తాడో లెక్క ఇదిగో, తెలియనివాళ్ళ కోసం.

వరసలు నాలుగు: 1, 3, 5, 7. తన వంతు వచ్చినవాడు ఏదో ఒక వరసలోంచి ఎన్నైనా తీయొచ్చు. ఆఖరి పుల్ల ఎవరికి మిగిలితే వాడు ఓడినట్టు. ప్రతి వరసనీ 4, 2, 1 కట్టలుగా విడగొట్టండి. 7 అంటే 4+2+1, 5 అంటే 4+1, 3 అంటే 2+1. మొత్తం మీద 4లు రెండు, 2లు రెండు, 1లు నాలుగు. అన్నీ సరి సంఖ్యలే. అన్నీ సరిగా ఉన్నప్పుడు ముందు తీసినవాడు ఏం తీసినా ఎక్కడో ఒక చోట బేసి అవుతుంది, రెండోవాడు దాన్ని మళ్ళీ సరి చేస్తూ పోతాడు. ఆ పెద్దమనిషి మర్యాద చేస్తున్నట్టు "ముందు మీరే" అనేది అందుకే.

చివర్లో మాత్రం పద్ధతి మారుతుంది. మీరు తీశాక ఒంటి పుల్లల వరసలే మిగిలేట్టయితే, అవి బేసి సంఖ్యలో మిగిలేలా తీయాలి. చాలామంది దెబ్బ తినేది అక్కడే, సరి చేసే అలవాటులో సరి వదిలేస్తారు.

#6 నేలటిక్కెట్టు

మూడోఆట గారూ, దారి తప్పించారు గానీ పనికొచ్చే దారే.

'బేజే వోలే' ముందు పెట్టడానికి కారణం చెబుతాను. దర్శకుడు త్రుఫో ఆ సినిమాలో ఆవిడ మీద అప్పటికే జనంలో ఉన్న మోహాన్నే వాడుకున్నాడు. చెప్పుల కొట్టు యజమాని భార్య ఫాబియెన్ తబార్. కుర్రాడు ఆంత్వాన్ ఆవిణ్ణి మనిషిలా చూడడు, ఏదో దేవత ప్రత్యక్షమైనట్టు చూస్తాడు. కాఫీ తాగుతూ ఆవిడ ఏదో అడిగితే కంగారులో "అవునండీ" అనబోయి మగవాళ్ళని పిలిచే మాట వాడేసి, కప్పు వదిలేసి పారిపోతాడు. తర్వాత ఆవిడే అతని గదికి వస్తుంది. నేను మాయారూపాన్ని కాను, ఆడదాన్ని, అది దీనికి పూర్తిగా వ్యతిరేకం అని నెమ్మదిగా చెబుతుంది. చిన్న వేషమే. కానీ 'మారియన్‌బాద్' విగ్రహానికి ఆవిడ ఇచ్చిన జవాబు అందులో ఉంది. ఇది చూసి వెనక్కి 1961కి వెళితే విగ్రహం వెనక మనిషి దొరుకుతుంది.

#7 పక్కవాయిద్యం

ముఖం గురించే మాట్లాడుతున్నారు అందరూ. ఈవిడ అసలు సరుకు గొంతు. లోతుగా, కాస్త ముక్కు కలిసి, మాటకి మాటకి మధ్య ఊపిరి వినిపించేలా. ఫ్రెంచివాళ్ళు చెల్లో వాద్యంతో పోలుస్తారు. వాక్యం చివర్లో స్వరం దించకుండా గాలిలో వదిలేయడం ఆవిడ పద్ధతి, అందుకే మామూలు మాట కూడా ఇంకా ఏదో చెప్పబోతున్నట్టు ఉంటుంది.

విచిత్రం ఏమిటంటే, అలాంటి గొంతున్న మనిషి దగ్గర్నుంచి దర్శకులు మళ్ళీ మళ్ళీ గొంతునే విడదీశారు. మొదటి సినిమా 'పుల్ మై డైజీ' (1959), అరగంట చిత్రం. చుట్టూ గిన్స్‌బర్గ్, కోర్సో వంటి కవులు, ఈవిడ ఒక్కతే వృత్తి నటి. అందులో ఎవరి గొంతూ వినపడదు, అందరి మాటలూ జాక్ కెరువాకే చెబుతాడు. జోసెఫ్ లోసీ 'యాక్సిడెంట్' (1967)లో డర్క్ బొగార్డ్‌తో ఈవిడ సన్నివేశంలో మాటలు వినిపిస్తుంటాయి, పెదవులు కదలవు. ఇక 'ఇండియా సాంగ్' మొత్తం అంతే.

#8 గళ్ళలుంగీ

'ఇండియా సాంగ్' మొదటిసారి చూసేవాళ్ళు ఫైలు పాడైందనుకుంటారు. నిజంగానే. ఆడియో జరిగిపోయిందని ప్లేయర్లో సవరించబోతారు.

#9 పక్కవాయిద్యం

సవరించకండి, అది అలాగే ఉండాలి. పద్ధతి ఇదీ. మార్గరీత్ దురాస్ మాటలన్నీ ముందే టేపు మీద రికార్డు చేయించింది. షూటింగులో ఆ టేపు వినిపిస్తుంటే, నటులు తమ మాటలు తామే వింటూ, నోరు కదపకుండా నడుస్తారు, నిలబడతారు, నాట్యం చేస్తారు. మన పాటల చిత్రీకరణలో నాగ్రా (టేపు రికార్డరు) మోగుతుంటే పెదవులు కలపాలి కదా, ఇక్కడ పెదవులు కలపకపోవడమే క్రమశిక్షణ. ఇది ఎంత కష్టమో ఒక్క నిమిషం చేసి చూస్తే తెలుస్తుంది. సొంత మాట చెవిన పడగానే గొంతు కండరాలు దానంతట అవే బిగుసుకుంటాయి. సేరిగ్ మెడ చూడండి, ఎక్కడా బిగుసుకోదు.

ఫలితం ఏమిటంటే, తెర మీద ఉన్నవాళ్ళు ఆ మాటలు అంటున్నారా, ఎప్పుడో అన్నవి గుర్తు చేసుకుంటున్నారా, చచ్చిపోయాక వింటున్నారా తేలదు. సేరిగ్ వేసిన ఆన్-మరీ స్ట్రెటర్ (రాయబారి భార్య) కథకి అదే కావాలి. ఆవిడ చనిపోయిందని మనకి మొదట్లోనే తెలుస్తుంది.

సబ్‌టైటిల్స్‌తో ఒక చిక్కుంది. రాయబారి ఇంటి విందులో అతిథుల గుసగుసలు, కథకి బయట నుంచి చెప్పుకునే గొంతులు (వాటిలో ఒకటి దురాస్‌దే), పాత్రల మాటలు, అన్నీ ఒకే అక్షరాల్లో కింద పడుతుంటాయి. ఎవరి మాటో తెలియదు. మొదటి పావుగంట సబ్‌టైటిల్స్ తీసేసి గొంతులు గుర్తుపట్టడం మంచిది. ఆ తర్వాత పెట్టుకోండి. చూసినవాళ్ళు దాని జంట కూడా చూడాలి, 'సోన్ నోం ద వెనీజ్ దాన్ కాల్కుత్తా దెసేర్' (1976). అదే ఆడియో మొత్తం, బొమ్మలు మాత్రం ఖాళీ శిథిల భవనం.

#10 యానాం_రోడ్డు

సినిమాలో కథ 1937లో కలకత్తా ఫ్రెంచి రాయబారి ఇంట్లో. బయటి దృశ్యాలు తీసింది పారిస్ పక్కన బులోన్యలో, పాడుబడ్డ రోత్‌షిల్డ్ భవనం ముందు. మన దేశంలో ఒక్క అడుగు కూడా తీయలేదు.

చరిత్ర కోసం చూసేవాళ్ళకి హెచ్చరిక. 1937లో కలకత్తాలో ఫ్రెంచి రాయబారి అనేవాడే ఉండడు. అప్పటికి దేశం బ్రిటిష్‌వాళ్ళ కింద ఉంది, రాజధాని ఢిల్లీకి మారి కూడా చాలా ఏళ్ళయింది. ఫ్రెంచివాళ్ళ ఏలుబడి పాండిచ్చేరి, కారైకాల్, మాహే, యానాం, చందర్‌నగర్‌లలో, గవర్నరు పాండిచ్చేరిలో. అంటే కలకత్తా పక్కనే చందర్‌నగర్ రూపంలో అసలైన ఫ్రెంచి ఇండియా ఉండగా, దురాస్ దాన్ని వదిలేసి లేని రాయబార కార్యాలయం కట్టింది. తెలియక కాదు. ఆవిడ పుట్టింది ఫ్రెంచి ఇండోచైనాలో, వలస అధికారుల బతుకు బాగా ఎరిగిన మనిషి. ఆవిడకి కావలసింది కలకత్తా అనే పేరు, ఆ పేరులో ఉక్కపోత. భారతీయుల ముఖాలు తెర మీద దాదాపు కనపడవు. ఆ లోటుని లోటుగానే చూడాలి, కవిత్వం అని కొట్టిపారేయకూడదు.

#11 పక్కవాయిద్యం

ఒప్పుకుంటాను. ఒక్క మాట కలుపుతాను. బయట నుంచి వినిపించే బిచ్చగత్తె పాట, నవ్వు కలకత్తావి కావు, సవన్నఖేత్ నుంచి నడిచొచ్చిన లావోస్ మనిషివి. దురాస్‌కి తెలిసిన ఆసియా అదే.

#12 చుక్కలముగ్గు

ఇక 'జాన్ దీల్మాన్'. కథ చివర చెప్పను, మధ్యలో వివరాలు చెబుతాను. అసలు తెలియకూడదనుకునేవాళ్ళు ఈ పోస్టు దాటేయండి.

దర్శకురాలు శాంతాల్ అకెర్మాన్ సేరిగ్‌ని ఎందుకు తీసుకుందంటే, రోజూ గిన్నెలు తోముతూ కనిపించే మనిషి గిన్నెలు తోమితే ఎవరి కంటికీ ఆనదు, మగవాళ్ళకి ఇంట్లో భార్య చేసే పని కనపడనట్టే. తెర మీద ఎప్పుడూ గిన్నె ముట్టని గొప్పింటావిడ ముట్టుకుంటే అప్పుడు ఆ పని కనిపిస్తుంది. నేలటిక్కెట్టు గారు ముందు సినిమాలు చూడమంటున్నది ఇందుకే అనుకుంటాను.

చూసే పద్ధతి. కెమెరా కదలదు. దర్శకురాలు పొట్టి మనిషి, కెమెరా ఎత్తు కూడా ఆవిడ కంటికి తగ్గట్టే కిందకి ఉంటుంది, ఎప్పుడూ ఎదురుగా. క్లోజప్పులు లేవు. భర్త పోయి, కొడుకుతో ఉంటూ, రోజూ ఇంటికొచ్చే విటుల డబ్బుతో బతికే ఆవిడ మూడు రోజుల కథ. మొదటి రోజు పని వరస కంఠతా పట్టండి, ఎందుకంటే మిగతా రెండు రోజులూ ఆ వరస ఎక్కడ తప్పుతోందన్నదే కథ. గదిలోంచి బయటికొస్తే లైటు ఆర్పుతుంది, లోపలికి వెళ్తే వేస్తుంది. వచ్చిన డబ్బు సూపు పాత్రలో వేసి మూత పెడుతుంది. దుంపలు పొయ్యి మీద ఉడికే సమయానికి లోపల గదిలో ఆ రోజు విటుడి సమయం సరిపోతుంది.

రెండో రోజు ఆ లెక్క చెడుతుంది. ఆవిడ బయటికొచ్చేసరికి జుట్టు చెదిరి ఉంటుంది, లైటు మర్చిపోతుంది, సూపు పాత్ర మీద మూత పెట్టదు. దుంపలు మెత్తగా ఉడికి పోతాయి. గిన్నె పట్టుకుని ఏ గదిలో పెట్టాలో తెలియనట్టు ఇల్లంతా తిరుగుతుంది. తర్వాత కొత్త దుంపలు వలుస్తుంది. అదే, అందరూ వెక్కిరించే దృశ్యం. మొదటి రోజు ఆ చేతి వేగం గుర్తుంటే, ఇప్పుడు కత్తి ఆగి ఆగి నడవడం కనిపిస్తుంది. మూడో రోజు వేళకన్నా ముందే లేస్తుంది, పోస్టాఫీసు తెరిచి ఉండదు, కాఫీ బాగా రాక మళ్ళీ కాస్తుంది, బ్రష్షు చేజారుతుంది.

#13 మూడోఆట

ఇక్కడా అదే ప్రశ్న అడుగుతాను, కోప్పడకండి. దూడమాంసం ముక్కలకి పిండి, గుడ్డు, రొట్టెపొడి అద్దడం ఎవరైనా చేస్తారు. అందులో మహానటి చేసిందేమిటి?

#14 చుక్కలముగ్గు

కోపమెందుకండీ. ఆ ప్రశ్న సేరిగ్‌కి కూడా వచ్చింది, షూటింగులోనే. నటుడు సామీ ఫ్రే అప్పుడు వీడియో తీశాడు, అది తర్వాత 'ఓతూర్ ద జాన్ దీల్మాన్' పేరుతో వచ్చింది. అందులో ఇద్దరి వాదన చూడొచ్చు. నటి అడిగేది, ఈ పని చేస్తున్నప్పుడు ఈమె మనసులో ఏముంది అని. దర్శకురాలు చెప్పేది, ముందు చెయ్యి ఇక్కడికి, తర్వాత ఇక్కడికి, ఇంత నెమ్మదిగా అని. యాక్టర్స్ స్టూడియోలో నేర్చుకున్న మనిషికి లోపలి కారణం కావాలి, పాతికేళ్ళ దర్శకురాలికి బయటి కొలత కావాలి. సినిమాలో కనిపించేది ఆ రెండూ కలిసి కుదిరిన ఒప్పందం.

మీరన్న మాంసం దృశ్యంలోనే చూడండి. నిజంగా వంట చేసేవాళ్ళు ఒక చెయ్యి పొడి, ఒక చెయ్యి తడి ఉంచుకుంటారు, మధ్యలో అటూ ఇటూ చూస్తారు, ముక్కు గోక్కుంటారు. ఈమె అలాంటిదేం చేయదు. ఒక్క అనవసర కదలిక కూడా లేదు. అది అలవాటైన చెయ్యి కాదు, ఆలోచన లోపలికి రాకుండా పనిని అడ్డం పెట్టుకున్న చెయ్యి. 'మారియన్‌బాద్' విగ్రహపు పొదుపునే వంటింట్లో వాడింది.

ఇంటర్వెల్ ఎక్కడ తీసుకోవాలని అడిగేవాళ్ళకి: మొదటి రోజు పూర్తయినట్టు అక్షరాలు పడగానే. రెండో రోజు మధ్యలో ఆపితే మాత్రం మళ్ళీ మొదటినుంచి పెట్టుకోవాల్సిందే, వరస మర్చిపోతారు.

#15 రీలుపెట్టె

1975 ఒక్క సంవత్సరం చూడండి. కాన్ పండుగలో అదే ఏడు 'ఇండియా సాంగ్', 'జాన్ దీల్మాన్', 'అలోయీజ్' మూడూ ఆడాయి. మూడూ ఆడవాళ్ళు తీసినవి. మూడోది లిలియాన్ ద కెర్మాదెక్‌ది, మానసిక వైద్యశాలలో బతుకు గడిపిన స్విస్ చిత్రకారిణి అలోయీజ్ కథ. అందులో చిన్నప్పటి అలోయీజ్‌గా వేసింది ఇంకా పేరు రాని ఇసాబెల్ ఉప్పేర్.

'మ్యూరియల్' గురించి ఎవరూ మాట్లాడలేదు. వెనిస్‌లో ఉత్తమ నటి బహుమతి దానికే వచ్చింది. ముప్పై ఏళ్ళ మనిషి నలభై దాటిన ఎలెన్‌గా నెరిసిన జుట్టుతో కనిపిస్తుంది. పాత సామాన్లు ఇంట్లోంచే అమ్ముతుంది కాబట్టి ఇంట్లో కుర్చీలూ బల్లలూ సినిమా పొడుగునా మారిపోతుంటాయి. తడబాటు, సగంలో ఆగే వాక్యాలు, గబగబ నడక. 'మారియన్‌బాద్' తర్వాత వెంటనే ఇదే చూస్తే ఒకే మనిషంటే నమ్మలేం.

#16 గళ్ళలుంగీ

1975 తర్వాత పెద్ద సినిమాలు తగ్గిపోయాయి కదా. రాజకీయాల్లో తలదూర్చినందుకు పరిశ్రమ పక్కన పెట్టిందంటారు.

#17 చుక్కలముగ్గు

పక్కన పెట్టారనడం సగమే నిజం, ఆవిడే పక్కకి జరిగింది కూడా. వివరాలు ఇవీ. 1971 ఏప్రిల్ 5న 'నువెల్ ఆబ్సర్వాతర్' పత్రికలో 343 మంది స్త్రీలు తాము గర్భస్రావం చేయించుకున్నామని సంతకాలు పెట్టారు. అప్పటికి ఫ్రాన్సులో అది నేరం. సేరిగ్ సంతకం అందులో ఉంది. 1972లో బొబిన్యీ కోర్టులో ఒక అమ్మాయి, ఆమె తల్లి మీద జరిగిన కేసులో సాక్ష్యం చెప్పింది. చట్టం మారింది 1975 జనవరిలో.

1974 ప్రాంతంలో కరోల్ రుసోపులోస్ దగ్గర వీడియో నేర్చుకుంది, ఇయోవానా వీడర్‌తో కలిసి. అప్పట్లో కొత్తగా వచ్చిన సోనీ పోర్టపాక్. భుజానికి తగిలించుకునే రికార్డరు, చేతిలో కెమెరా, అర అంగుళం టేపు, నలుపు తెలుపు, ఒక రీలుకి మహా అయితే అరగంట. ఫిల్ము అయితే ల్యాబుకి పంపాలి, ఖర్చు, యూనిట్టు. ఇది అక్కడికక్కడ వెనక్కి తిప్పి, మాట్లాడిన మనిషికే చూపించొచ్చు, వద్దంటే చెరిపేయొచ్చు. సేరిగ్‌కి నచ్చింది అదే. ఆ పరికరానికి మగ నిపుణుల పాత ఆచారం ఏదీ ఇంకా అంటుకోలేదు.

కష్టం ఎడిటింగులో. ఈ టేపు కోసి అతికిస్తే అతుకు దగ్గర బొమ్మ చెదిరిపోతుంది, మిషను తలకి కూడా దెబ్బ. కాబట్టి ఒక మిషన్లో వేసి, రెండో మిషన్లోకి కావలసిన ముక్క ఎక్కించుకోవాలి. రెండూ కొంచెం వెనక్కి తిప్పి, ఒకేసారి నడిపించి, సరైన క్షణంలో రికార్డు మీట నొక్కాలి. క్షణం తప్పితే మాట తల తెగుతుంది. ఎక్కించిన ప్రతిసారీ బొమ్మ మరికాస్త మసకబారుతుంది. ఆ వీడియోల్లో కట్ల దగ్గర వచ్చే గిలగిల అందువల్ల, మీ కాపీ తప్పు కాదు.

#18 రీలుపెట్టె

ఆ పద్ధతికి మంచి ఉదాహరణ 'మాసో ఎ మిసో వోన్ ఆన్ బాతో' (1976). ఆడవాళ్ళ పరిస్థితుల మంత్రి ఫ్రాన్స్వాజ్ జిరూ ఒక టీవీ కార్యక్రమంలో మగవాళ్ళ వెటకారాలకి నవ్వుతూ కూర్చుంటే, ఆ కార్యక్రమాన్నే టేపు మీదకి ఎక్కించుకుని, మధ్యలో ఆపి, అదే మాట మళ్ళీ మళ్ళీ వినిపించి, చేత్తో రాసిన అట్టలు అడ్డం పెట్టారు. నవ్వకుండా చూడలేం. 27 నిమిషాల 'స్కమ్ మానిఫెస్టో' (1976)లో అదే పేరున్న పుస్తకాన్ని సేరిగ్ చదువుతుంటే రుసోపులోస్ టైపు కొడుతుంది, మధ్యలో టీవీ వార్తలు. అంత గొప్ప గొంతు టైపు మిషను చప్పుడుతో, వార్తలతో పోటీ పడుతుంటుంది.

#19 పక్కవాయిద్యం

గొంతు అన్నారు కాబట్టి, అసలైనది 'స్వా బెల్ ఎ తే తోవా'. "అందంగా ఉండు, నోరు మూసుకో" అని అర్థం. 1958లో అదే పేరుతో ఒక మామూలు వ్యాపార సినిమా వచ్చింది, ఆ పేరుని ఈవిడ తిప్పి కొట్టింది. 1975, 76లలో పారిస్‌లోనూ లాస్ ఏంజెలెస్‌లోనూ ఇరవై మందికి పైగా నటీమణులని కూర్చోబెట్టి మాట్లాడించింది. జేన్ ఫోండా, మరియా ష్నైడర్, ఎలెన్ బర్‌స్టిన్, జూలియెత్ బెర్తో. దాదాపు రెండు గంటలు.

అడిగే ప్రశ్నలు కొన్నే, అందరికీ అవే. మగవాడిగా పుట్టి ఉంటే ఈ వృత్తిలోకి వచ్చేవారా? ఇంకో ఆడమనిషితో ఆప్యాయంగా ఉండే సన్నివేశం ఎప్పుడైనా చేశారా? రెండోదానికి చాలామంది ఆలోచనలో పడిపోతారు. జేన్ ఫోండా తను హాలీవుడ్‌లో అడుగుపెట్టిన రోజు చెబుతుంది. మేకప్ కుర్చీలో కూర్చోబెట్టి జుట్టుకి బంగారు రంగు, గుండెలకి మెత్తలు, దవడకి ఆపరేషన్ అంటూ జాబితా చదివారట. అద్దంలో చూసుకుంటే తన ముఖం తనకే తెలియలేదని.

సేరిగ్ తెర మీద కనపడదు, ప్రశ్న మాత్రం వినిపిస్తుంది. ఇన్నేళ్ళూ ముఖం ఒక చోటా గొంతు ఒక చోటా ఉంచిన మనిషి ఇక్కడ గొంతు ఒక్కటే ఉంచుకుంది.

#20 నేలటిక్కెట్టు

అయితే వరస మారుస్తాను. 'స్వా బెల్' చివర్లో కాదు, 'జాన్ దీల్మాన్'కి ముందే.

తర్వాతి సంవత్సరాలు క్లుప్తంగా. 1982లో రుసోపులోస్, వీడర్‌లతో కలిసి పారిస్‌లో రచయిత్రి సిమోన్ ద బొవార్ పేరు మీద దృశ్యశ్రవణ కేంద్రం పెట్టింది, స్త్రీల ఉద్యమాల టేపులు భద్రపరచడానికి. అకెర్మాన్‌తో 'గోల్డెన్ ఎయిటీస్' (1986), ఉల్రికే ఒట్టింగర్‌తో మూడు సినిమాలు. వాటిలో 'జోహన్నా దార్క్ ఆఫ్ మంగోలియా' (1989) ఆఖరిది. పాత అమెరికా పడమటి సీమలో పేరు మోసిన సాహసి కలామిటీ జేన్ కూతురికి రాసిన ఉత్తరాలంటూ వచ్చిన పుస్తకం మీద సినిమా తీయాలని చాలాకాలం పనిచేసింది, అది పూర్తి కాలేదు. దాని గురించి కెమెరామన్... కాదు, కెమెరా మహిళ బాబెట్ మాంగోల్త్ 2020లో ఒక చిత్రం తీసింది. ('జాన్ దీల్మాన్' ఛాయాగ్రహణం ఈవిడదే.) సేరిగ్ చనిపోయింది 1990 అక్టోబరు 15న, ఊపిరితిత్తుల క్యాన్సర్‌తో. 58 ఏళ్ళు.

#21 గళ్ళలుంగీ

పిల్లలతో చూడదగ్గది ఏదైనా ఉందా ఇందులో? ఇప్పటిదాకా చెప్పినవన్నీ పెద్దవాళ్ళవే.

#22 మూడోఆట

'పో దాన్' (గాడిదతోలు, 1970). జాక్ దెమీ తీసిన జానపదం. లైలాక్ పూల దేవకన్యగా ఈవిడ. రాజు సొంత కూతుర్నే పెళ్ళాడతానంటే, ఎలా తప్పించుకోవాలో రాకుమారికి పాఠం చెబుతుంది. వాతావరణం రంగు గౌను అడుగు, చందమామ రంగుది అడుగు, సూర్యుడి రంగుది అడుగు. చివర్లో దేవకన్య హెలికాప్టర్ దిగుతుంది. సంగీతం మిషెల్ లెగ్రాన్. కొంటెతనం ఎంత ఉందో ఆ ఒక్క వేషంలో తెలుస్తుంది. ఆ పాట ఆవిడ ఎంత బాగా పాడిందో వినండి.

#23 పక్కవాయిద్యం

మూడోఆట గారూ, పాడింది ఆవిడ కాదు, క్రిస్తియాన్ లెగ్రాన్, సంగీత దర్శకుడి అక్క. అక్కడ కూడా గొంతు తీసేశారు. పాటకి ముందు మాటలు మాత్రం సేరిగ్‌వే. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, మాట ఆగి పాట ఎత్తుకునే చోటు రెండుసార్లు వినండి, అతుకు దొరుకుతుంది.